సైకిల్ యాత్రలో దారిపక్క చెరువులో గాలం వేయవచ్చా?

గండిపేట సైకిల్:

మిత్రులకు నమస్కారం. వానలు వెనకబట్టి, చలి ఇంకా ముదరని ఈ రోజుల్లో మా సైకిల్ బృందం వారాంతాల్లో సంగారెడ్డి, వికారాబాద్ దారులు పడుతుంది. మాలో కొందరికి గాలం వేసే సరదా కూడా ఉంది. ముక్కలుగా విడదీసే రాడ్డు, చిన్న రీలు, తంగుసు (నైలాను దారం) చుట్ట, ఒక డబ్బాలో గాలాలూ బెండ్లూ సీసపు గుండ్లూ వెనుక సంచిలో ఒక మూలకు సరిపోతాయి కాబట్టి, రెండు సరదాలనూ ఒకే ప్రయాణంలో తీర్చుకోవచ్చునని వారి ఉద్దేశం. వచ్చే యాత్రకు దారి నిర్ణయించుకుంటుండగా పేచీ మొదలైంది. దారిలో తగిలే ఊరి చెరువు దగ్గర ఆగి గంటసేపు గాలం వేస్తే తప్పేముంది, పట్టిన చేపను మళ్లీ నీటిలోనే వదిలేస్తాం కదా అని ఒక పక్షం. ఆ చేప ఎవరో పెంచుకుంటున్నది, అడగకుండా ముట్టుకోకూడదని మరో పక్షం. నేను రెండో పక్షం వాణ్నే అయినా, ఎదుటివారి మాటలో బలం లేదని అనలేను. మొసళ్లకు నెలవైన మంజీరా అభయారణ్యం వంటి చోట్ల గాలం వేయకూడదన్న విషయంలో మాకు తేడా లేదు కాబట్టి దాన్ని పక్కన పెడదాం. ప్రశ్న మామూలు ఊరి చెరువుల గురించే.

గాలపుకర్ర:

ఆ మొదటి పక్షం వాణ్ని నేనే కాబట్టి నా వాదన నేనే వినిపిస్తాను. సైకిల్ మీద వెళ్లేవాడు కారులో వచ్చేవాడిలా ఐసు పెట్టె, అరడజను రాడ్లు, సాయంత్రానికి సీసాలు మోసుకుని రాడు. మోయగలిగింది తక్కువ కాబట్టి వాడు తెచ్చేదీ తక్కువ, తీసుకుపోయేదీ తక్కువ. తిరుగు ప్రయాణంలో ఎండలో 40 కిలోమీటర్లు తొక్కవలసినవాడు చేపను సంచిలో పెట్టుకుంటే ఇల్లు చేరేసరికి కంపు కొడుతుంది. అందువల్ల వదిలేయడమన్నది మాకు ఆదర్శం సంగతి అటుంచి, ముందుగా అవసరం. కొన దగ్గర వెనక్కి తిరిగిన ముల్లు లేని గాలాలే వాడతాం కాబట్టి చేప నోటి నుంచి అవి తేలికగా ఊడివస్తాయి.

పైగా మేము వేసేది పెంపకం చేపలైన బొచ్చ, రవ్వ, బంగారుతీగల కోసం కాదు. రబ్బరు కప్పతో కొరమీనుకు, వానపాముతో జిలేబీ చేపకు (తిలాపియాకు) వేస్తాం. మన చెరువుల్లో జిలేబీని ఎవరూ పనిగట్టుకుని పెంచడం లేదు. అదే ఇబ్బడిముబ్బడిగా పెరిగి, పెంపకానికి వదిలిన చేపల మేతకు పోటీకి వస్తోంది. కొరమీను తెలంగాణ రాష్ట్ర చేపే కావచ్చు గానీ, చెరువులో పోసిన చేప పిల్లలను మింగేది కూడా అదే. ఇక చట్టమంటారా, పేలుడు పదార్థాలతో, విషంతో చేపలు పట్టడం నేరమని విన్నాను తప్ప, కట్ట మీద గాలం వేసుకునేవాడి జోలికి ఎవరైనా వచ్చారని వినలేదు. ప్రతి ఊరి కట్ట మీదా వెదురు కర్రలు పట్టుకుని పిల్లలు కూర్చునే ఉంటారు. వాళ్లను ఎవరూ అడగని అనుమతి, హెల్మెట్ పెట్టుకున్నామన్న కారణానికి మమ్మల్ని ఎందుకు అడగాలి?

చెరువుకట్ట:

మాది సూర్యాపేట జిల్లా. మా నాన్నగారూ బాబాయీ మత్స్య సహకార సంఘంలో సభ్యులు. నేను ఉద్యోగంలో ఉన్నా, వల లాగే రోజుల్లో సెలవు పెట్టి ఊరు వెళ్తాను.

గాలపుకర్ర గారూ, చట్టం విషయంలో మీరు సగమే చెప్పారు. చేపలను ఎలా పట్టకూడదన్నది ఒక సంగతి, ఆ చెరువులో పట్టుకునే హక్కు ఎవరిదన్నది వేరే సంగతి. చెరువు ఎవరి ఆధీనంలో ఉంటే వారు, అంటే మత్స్యశాఖో గ్రామపంచాయతీయో, ఆ హక్కును లీజుకు ఇస్తారు. చాలా ఊళ్లలో ఆ లీజు సంఘానిదే. లీజు సొమ్ము కట్టినవాడికి ఆ నీటిలోని చేప దారిన పోయే వస్తువు కాదు, కోతకు రాని పంట. తెలంగాణలో ప్రభుత్వం చేప పిల్లలను ఉచితంగా ఇచ్చే పథకం 2016-17లో మొదలైంది. వేసవిలో ఎండిపోయే చెరువుల్లో 35 నుంచి 40 మిల్లీమీటర్ల పిల్లలను, ఏడాది పొడవునా నీరు నిలిచే చోట 80 నుంచి 100 మిల్లీమీటర్ల పిల్లలను వదలాలన్నది అందులోని లెక్క. అవి చాలవనిపిస్తే సంఘం సభ్యులు తలా ఇంత వేసుకుని మరికొన్ని కొంటారు. చెరువు నిండాక వదిలిన ఆ అంగుళంన్నర పిల్ల, నీళ్లు దిగిపోయే ఎండాకాలానికి కిలోకు అటూ ఇటూగా ఎదిగితేనే మాకు గిట్టుబాటు. ఆ నడుమ నెలల్లో రాత్రిళ్లు వంతులవారీగా కట్ట మీద కావలి పడుకుంటారు. మీరు సైకిళ్లు ఆపే తెల్లవారుజామున కట్ట మీద ఎవరూ కనిపించకపోతే, కావలివాడు టీ తాగడానికి ఇంటికి వెళ్లాడని అర్థం తప్ప చెరువుకు దిక్కు లేదని కాదు.

కొరమీను పిల్లలను తింటుందన్న మాట నిజమే. అయితే సంతలో బొచ్చకు పలికే ధరకు రెండు మూడు రెట్లు దానికి పలుకుతుంది, తొట్టిలో బతికి ఉండగానే అమ్ముడుపోతుంది. అంటే మా పెంపకం చేపను ముట్టుకోవడం లేదంటూ మీరు ఎంచుకుంటున్నది మాకు అన్నిటికంటే ఎక్కువ డబ్బు తెచ్చే చేపను.

వదిలేస్తున్నాం కదా అంటారేమో, అక్కడే ఇంకో సంగతి ఉంది. వానాకాలంలో కట్ట పక్కన, గడ్డి మొదళ్ల దగ్గర, నీటి పైన ఎర్రటి ముద్ద ఒకటి కదులుతూ కనిపిస్తుంది. దగ్గరికి వెళ్లి చూస్తే అవి కొరమీను పిల్లలు. వందలాదిగా ఒక్కసారి పైకి వచ్చి గాలి పీల్చుకుని, నీటి మీద బుడగలు వదిలి, మళ్లీ ఒక్కసారే దిగిపోతాయి. వాటి అడుగున పెద్ద చేపలు కాపలా తిరుగుతుంటాయి. ఆ గుంపు మధ్య రబ్బరు కప్ప వచ్చి పడితే పెద్ద చేప ఆకలి వేసి కాదు, పిల్లల మీదికి ఎవరో వచ్చారని కరుస్తుంది. గాలం వేసేవారిలో చాలామందికి ఈ కిటుకు తెలుసు, కావాలనే ఆ ముద్ద కోసం వెతుకుతారు. మీరు దాన్ని ఒడ్డుకు లాగి, గాలం తీసి, ఫోటో దిగి, ఎంత జాగ్రత్తగా వదిలినా, ఈలోపు కాపలా లేని ఆ పిల్లలను చుట్టుపక్కల చేపలు ఊడ్చేసి ఉంటాయి. గాలి పీల్చి బతికే చేప కాబట్టి కొరమీను ఆ పది నిమిషాలూ తట్టుకుంటుంది, దాని సంతానం తట్టుకోదు.

ఇక వెదురు కర్రల పిల్లల సంగతి. వాళ్లు మా పిల్లలు. శ్రుతి మించితే ఎవరి కొడుకో తెలుసు, సాయంత్రానికి ఇంటికి కబురు వెళ్తుంది. మీరు ఒక్కరే వచ్చి ఒక్క చేప పట్టి వదిలేసినా మాకు పెద్ద నష్టం లేదు. ఆ ఫోటోను చెరువు పేరుతో, దారి గుర్తుతో సహా మీ బృందాల్లో పెడతారు చూడండి, మా భయమంతా దానితోనే. తర్వాతి ఆదివారం వచ్చేవాళ్లు సైకిళ్ల మీదే వస్తారనీ, వదిలేసే వెళ్తారనీ మీరు హామీ ఇవ్వలేరు కదా.

ఐండ్‌హోవెన్ తెలుగు:

నేను నెదర్లాండ్స్‌లో ఉంటాను. సైకిల్‌కు రాడ్డు కట్టుకుని కాలువ గట్లకు వెళ్లేవారు ఇక్కడ ఎంతమందో కాబట్టి ఈ రెండు సరదాల పొత్తు ఎవరికీ వింతగా తోచదు. కానీ గాలం వేయాలంటే విస్‌పాస్ అనే కార్డు ఉండాలి. గాలం సంఘంలో సభ్యత్వం తీసుకుంటే ఆ కార్డు వస్తుంది, ఏయే నీళ్లలో దానితో వేయవచ్చో జాబితా వస్తుంది. చాలా నీళ్లలో చేపల హక్కులు ఆ సంఘాలు కొనుక్కున్నవో కౌలుకు తీసుకున్నవో అయి ఉంటాయి. ఆ రకంగా చూస్తే చెరువుకట్ట గారు చెప్పిన ఏర్పాటుకూ దీనికీ పెద్ద తేడా లేదు. అక్కడ హక్కు బతుకుదెరువు కోసం పట్టేవారి చేతిలో ఉంది, ఇక్కడ సరదాకు పట్టేవారి చేతిలో ఉంది.

వదిలేస్తే పాపం లేదన్న మాట కూడా అన్ని చోట్లా చెల్లదు. పక్కనే ఉన్న జర్మనీలో చాలా రాష్ట్రాల్లో పరీక్ష రాసి పాసైతేనే గాలం వేయడానికి అనుమతి పత్రం ఇస్తారు. తినే ఉద్దేశమే లేకుండా, వదిలేయడానికే చేపను పట్టడం అంటే తగిన కారణం లేకుండా ప్రాణిని హింసించడమేనని అక్కడి జంతు సంరక్షణ చట్టానికి అర్థం చెబుతారు. స్విట్జర్లాండ్ 2009 నుంచి అలాంటి వేటను నిషేధించింది. వాళ్ల దృష్టిలో పట్టి వండుకుని తినేవాడు మర్యాదస్తుడు, ఫోటో దిగి వదిలేసేవాడు తప్పు చేసినవాడు. మనం దీన్ని ఒప్పుకోనక్కరలేదు గానీ, వదిలేయడాన్ని పుణ్యకార్యంలా చెప్పుకోవడం మానవచ్చు.

గాలపుకర్ర:

కొరమీను పిల్లల గురించి చెరువుకట్ట గారు చెప్పినదానికి నా దగ్గర జవాబు లేదు. ఆ ముద్ద కనిపించిన చోట గాలం వేయకూడదు, అంతే.

అయితే ఐండ్‌హోవెన్ గారు తెచ్చిన ఐరోపా ఉదాహరణకు ఎదురుగా మన పక్క రాష్ట్రపు ఉదాహరణ ఒకటి పెడతాను. కర్ణాటకలో కావేరి మీద భీమేశ్వరి, గలిబోరె, దొడ్డమాకళి అనే చోట్ల గాలం శిబిరాలు ఉండేవి. మహసీర్ అనే పెద్ద నదీ చేప కోసం విదేశాల నుంచి కూడా వచ్చేవారు, పట్టిన చేపను తూచి వదిలేసేవారు. నదిలో తోటాలు పేల్చి చేపలు పట్టే అలవాటు ఉన్న చుట్టుపక్కల ఊళ్లవారికి ఆ శిబిరాల్లోనే కావలి పని, దారి చూపే పని దొరికింది. తర్వాత వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అభయారణ్యంలో గాలం వేట ఆగిపోయింది. మూపురం ఉన్న ఆ కావేరి మహసీర్ 2018లో అంతర్జాతీయ జాబితాలో తీవ్రంగా అంతరించిపోతున్న జాతిగా చేరింది. వేట ఆగినందువల్లే ఇలా అయిందని నేను అనడం లేదు, ఆనకట్టలూ ఇసుక తవ్వకాలూ బయటి నుంచి తెచ్చి వదిలిన చేపలూ చాలా కారణాలున్నాయి. నేననేది, గాలం వేసేవాడు నీటిని కనిపెట్టుకుని ఉండే కన్ను కూడా కాగలడని.

చెరువుకట్ట:

ఆ శిబిరాలకు వెళ్లినవారు రుసుము కట్టారు, అనుమతితో వెళ్లారు, ఊరివారికి జీతం దొరికింది. ఇది మీ వాదనకు సాక్ష్యమో నా వాదనకు సాక్ష్యమో మీరే చెప్పాలి.

కాలువగట్టు:

కోనసీమ నుంచి ఒక మాట. ధవళేశ్వరం కింద మా పంట కాలువల గట్లన్నీ సైకిల్ దారులే. హ్యాండిల్‌కు సంచి, మధ్య గొట్టానికి వెదురు కర్ర కట్టుకుని జెల్ల, గురక చేపల కోసం వెళ్లడం మా వైపు సరదా అని కూడా అనుకోరు, సాయంకాలపు కూర ప్రయత్నం అంటారు. పారే కాలువలో సంఘం పోసిన పిల్లలు ఉండవు కాబట్టి తగువులు తక్కువ. అదే గట్టు దిగి రొయ్యల చెరువు వైపు కర్ర చాపితే మాత్రం మర్యాద దక్కదు. నీటిని బట్టి న్యాయం మారుతుంది, చెరువుకూ కాలువకూ ఒకే నియమం పెట్టకండి.

అసలు నా అనుమానం వేరు. చేప ఎర మీదికి బాగా వచ్చేది తెల్లవారుజామున, పొద్దు వాలాక. మన ఎండల్లో సైకిల్ తొక్కగలిగేది కూడా ఆ వేళల్లోనే. కట్ట మీద కూర్చుంటే దారి సాగదు, దారి సాగిస్తే చేప పడదు. ముందు రోజు సాయంత్రానికే చెరువు చేరి, ఆ ఊళ్లో పడుకుని, తెల్లారి గాలం వేసి, పొద్దెక్కేలోపు వెనక్కి తొక్కడం ఒక్కటే కుదిరే పద్ధతి. ఊళ్లో పడుకోవాలంటే ఎలాగూ ఎవరినో ఒకరిని అడగాలి. ఇంకొక్క మాట: తొక్కేటప్పుడు రాడ్డుకు గాలం తగిలించి ఉంచవద్దు. తంగుసు జారి చువ్వల్లో చుట్టుకున్నా, వెనుక వచ్చేవారి చేతికి గాలం తగిలినా యాత్ర ఆసుపత్రిలో ముగుస్తుంది. రాడ్డును ప్లాస్టిక్ గొట్టంలో దోపి, గాలాలను బెండు ముక్కకు గుచ్చి డబ్బాలో పెట్టండి.

గండిపేట సైకిల్:

కాలువగట్టు గారి సమయం లెక్క మా బృందంలో ఎవరికీ తట్టలేదు. చెరువుకట్ట గారూ, మీ సంఘం దగ్గరికే మేము వచ్చామనుకోండి. ఏమేమి అడిగితే మీరు కాదనరు?

చెరువుకట్ట:

మా సంఘం మాటే చెప్పగలను, అన్ని ఊళ్లూ ఇలాగే ఉంటాయనుకోవద్దు. ముందుగా అధ్యక్షుడికి ఫోన్ చేయాలి, ఆ నంబరు ఊళ్లో ఏ టీ కొట్టులో అడిగినా చెబుతారు. వానాకాలం దాటాక, నీళ్లు మరీ దిగకముందు వస్తే మంచిది, అంటే కార్తీకం నుంచి మాఘం దాకా. ఎండాకాలంలో నీరు తగ్గి వేడెక్కితే అందులో ప్రాణవాయువు తగ్గుతుంది, అప్పుడు అలసిపోయిన బొచ్చను వదిలినా బతుకుతుందన్న నమ్మకం లేదు. రోజుకు ఇంత అని సంఘానికి కట్టి రసీదు తీసుకోండి, కావలివాడికి చేతిలో పెట్టి ఊరుకోవద్దు, అది రేపు వాడికే తంటా. కొరమీను, బొచ్చ, రవ్వ పడితే నీటి అంచునే గాలం తీసి వదలాలి. జిలేబీలు ఎన్ని పట్టుకున్నా మాకు అభ్యంతరం లేదు, అక్కడే కాల్చుకు తిన్నా సరే. ఫోటోలో చెరువు పేరు ఉండకూడదు.

గాలపుకర్ర:

అన్నిటికీ సరే గానీ, వదిలేసే చేపకు కూడా రుసుము కట్టమనడం నాకు ఇప్పటికీ మింగుడుపడటం లేదు.

చెరువుకట్ట:

రుసుము చేపకు కాదండీ. మీరు వచ్చిన పూట కావలివాడు మిమ్మల్నే చూస్తూ కూర్చుంటాడు, అవతలి ఒడ్డున ఎవరు వల వేస్తున్నారో చూడడు. ఆ పూట కూలి అది.

గండిపేట సైకిల్:

దారిలో అనుకున్న చెరువుల్లో ఒకదాని సంఘం వారు రమ్మన్నారు. మిగతా చోట్ల ఫోన్ ఎత్తలేదు కాబట్టి అక్కడ రాడ్డు గొట్టంలోంచి బయటికి తీయకూడదని బృందంలో తీర్మానించుకున్నాం. గాలపుకర్ర గారు తీర్మానానికి ఒప్పుకోలేదు, అయినా యాత్రకు వస్తున్నారు.