అప్‌డేట్: గ్యాస్ ఏజెన్సీ కేసు ఏమైందంటే

గ్యాస్ ఏజెన్సీ డ్రాలో నా పేరు వచ్చాక, స్థల పరిశీలనకు వచ్చినవాళ్లు గోడౌన్ స్థలం కొలత తక్కువుందని నన్ను పక్కన పెట్టేశారు, కోర్టుకెళ్తే లాభముంటుందా అని అప్పట్లో అడిగాను కదా, వెళ్లాను. రాజ్యాంగంలోని ఆర్టికల్ 226 కింద హైకోర్టులో రిట్ వేశాం, అంటే ఆ నిర్ణయాన్ని సవాలు చేస్తూ పిటిషన్ అన్నమాట.

ఒక మాట ముందే చెప్పాలి, కోర్టు నాకు ఏజెన్సీ ఇవ్వలేదు. లాయరుగారు మొదటిరోజే చెప్పారు, ఏజెన్సీ ఎవరికివ్వాలో కోర్టు తేల్చదు, కారణం రాశారా, మన మాట విన్నారా, ప్రకటనలోని నిబంధనలు అందరికీ ఒకేలా వర్తింపజేశారా అన్నదే చూస్తుందని. నా విషయంలో టేపు పట్టింది ముళ్లకంచె లోపలి నుంచి, సర్వే రాయేమో కంచెకి రెండడుగుల బయట ఉంది! పైగా రద్దు లెటర్లో ఒకే ఒక్క లైను. కోర్టు ఆ లెటర్ని కొట్టేసి, నా సమక్షంలో మళ్లీ కొలిచి, కారణాలు రాసి నిర్ణయం చెప్పమంది.

మీలో ఒకరు 1996 కేసు చూడమన్నారు, మంత్రి విచక్షణతో ఇచ్చిన 15 పెట్రోల్ బంకుల్ని సుప్రీంకోర్టు రద్దు చేసింది కదా, అది. బాగుంది గానీ నాకు ఎక్కువ నచ్చింది 2002 నాటిది. ఆరోపణలొచ్చాయని కేంద్రం 2000 జనవరి నుంచి ఇచ్చిన డీలర్‌షిప్పుల్ని గంపగుత్తగా రద్దు చేస్తే, అందర్నీ ఒకే గాటన కట్టడం కుదరదని సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వు కొట్టేసి, ఆరోపణలున్నవాటిని విడిగా పరిశీలించమంది.

కొలత వచ్చే మంగళవారం. ఈసారి మండల సర్వేయరుని కూడా రమ్మన్నాను, అయినా టెన్షన్‌గానే ఉంది.