మూడు గేములు అప్‌డేట్ కావడం లేదు, మూడింటి తీరూ వేరు: తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేయడమే మార్గమా?

ప్రశ్న: చదరంగంబంటు

నా ఆండ్రాయిడ్ ఫోను స్టోరేజ్ 64 జీబీ. అందులో ఇప్పుడు 3 జీబీకి కొంచెం తక్కువే ఖాళీగా ఉంది. నేను తరచుగా ఆడే మూడు గేములు వారం రోజులుగా అప్‌డేట్ కావడం లేదు. మొదటిది రేసింగ్ గేమ్. ప్లే స్టోర్‌లో అప్‌డేట్ నొక్కగానే ‘పెండింగ్’ అని కనిపిస్తుంది, గంటలు గడిచినా ఆ మాట మారదు. రెండవది కోటలు కట్టుకుంటూ యుద్ధం చేసే గేమ్. ఇది పూర్తిగా డౌన్‌లోడ్ అవుతుంది కానీ, ఇన్‌స్టాల్ దశకు వచ్చేసరికి విఫలమైందన్న సందేశం చూపి ఆగిపోతుంది. మూడవది క్రికెట్ గేమ్. దాన్ని తెరిస్తే కొత్త వెర్షన్‌కు మారితే తప్ప ఆడలేరని చెబుతుంది. స్టోర్‌కు వెళ్లి చూస్తే అక్కడ అప్‌డేట్ బటనే ఉండదు, ‘ఓపెన్’ మాత్రమే ఉంటుంది.

ఫోనును రెండుసార్లు రీస్టార్ట్ చేశాను, ఫలితం లేదు. మూడింటినీ తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేసుకోమని తెలిసినవారు సలహా ఇస్తున్నారు. అయితే కోటల గేములో రెండేళ్లపాటు ఆడి చేరుకున్న స్థాయి పోతుందేమోనన్న భయంతో ఆ పని చేయడానికి చేతులు రావడం లేదు. దయచేసి మార్గం చెప్పగలరు.

జవాబు: పాతఫోను

ముందుగా ఒక మనవి: ఏ గేమునూ ఇప్పుడే తీసేయకండి. మీ మూడు గేములూ మూడు వేర్వేరు చోట్ల ఆగుతున్నాయి కాబట్టి మూడింటికీ ఒకే మందు పనిచేయదు. మొదటిది స్టోర్ వరుసలో, రెండవది ఫోను తనిఖీ దగ్గర, మూడవది గేము సర్వరుకూ స్టోరుకూ మధ్య ఆగిందని మీ వివరణను బట్టి అనిపిస్తోంది.

రేసింగ్ గేము సంగతి తేలిక. ప్లే స్టోర్ అప్‌డేట్లను వరుసలో పెట్టి డౌన్‌లోడ్ చేస్తుంది. ముందున్న పెద్ద యాప్ ఎక్కడైనా ఆగిపోతే వెనుక ఉన్నవన్నీ ‘పెండింగ్’ అంటూ కూర్చుంటాయి. స్టోర్‌లో కుడివైపు పైన ఉన్న మీ ప్రొఫైల్ బొమ్మను నొక్కి, యాప్‌ల నిర్వహణ పేజీలో ఏది ముందు నడుస్తోందో చూసి, అవసరం లేనిదాన్ని రద్దు చేయండి. స్టోర్ సెట్టింగ్‌లలో డౌన్‌లోడ్‌కు ‘వై-ఫై మాత్రమే’ అని ఎంచుకుని ఉన్నారేమో కూడా చూడండి. మరొకరి ఫోను హాట్‌స్పాట్‌కు కలిపినప్పుడు మీ ఫోను దాన్ని డేటాను లెక్క చూసుకుని వాడవలసిన (మీటర్డ్) కనెక్షన్‌గా గుర్తించే అవకాశం ఉంది. అలాంటప్పుడు పైకి వై-ఫై గుర్తు కనిపిస్తూనే ఉంటుంది, అప్‌డేట్ మాత్రం కదలదు.

అప్పటికీ కదలకపోతే ఫోను సెట్టింగ్‌లలోని యాప్‌ల జాబితాలో ప్లే స్టోర్‌ను తెరిచి, దాని కాష్‌ను, అంటే అది తాత్కాలికంగా దాచుకున్న ఫైళ్లను, తుడిచివేయండి. ఇక్కడ చాలామంది పొరబడతారు కనుక విడమరిచి చెబుతున్నాను. తుడవవలసింది ప్లే స్టోర్ కాష్‌ను. గేము పేరు కింద ఉన్న డేటాను కాదు. స్టోర్ కాష్ పోయినంత మాత్రాన మీ ఆటకు ఏ నష్టమూ ఉండదు, కానీ గేము డేటాను తుడిస్తే ఫోనులో మాత్రమే దాచిన మీ ప్రగతి అంతా దానితోపాటే పోతుంది.

మీకున్న 3 జీబీ కూడా చాలదని నా అభిప్రాయం. అప్‌డేట్ జరిగేటప్పుడు పాత వెర్షన్ ఉండగానే కొత్తది దిగి, ఆ తరువాతే పాతది తొలగుతుంది. పెద్ద గేములకు ఆ కాసేపు దాదాపు రెండింతల చోటు కావాలి. అప్‌డేట్ పరిమాణం 1 జీబీ అని రాసి ఉంటే 1 జీబీ ఖాళీ సరిపోతుందనుకోవడం పొరపాటు.

జవాబు: తాళంచెవి

రెండవ గేము గురించి ఒక ప్రశ్న. దాన్ని మీరు మొదట ప్లే స్టోర్ నుంచే తెచ్చుకున్నారా, లేక ఎవరైనా ఏపీకే ఫైలుగా, అంటే స్టోర్ లేకుండానే ఇన్‌స్టాల్ చేసుకోగల యాప్ ఫైలుగా, పంపారా? ఇలా అడగడానికి కారణం ఉంది. ప్రతి ఆండ్రాయిడ్ యాప్‌కూ దాన్ని తయారుచేసినవారు తమ కీతో డిజిటల్ సంతకం చేస్తారు. అప్‌డేట్ వచ్చినప్పుడు ఫోను ఆ సంతకాన్ని ఇప్పటికే ఉన్న యాప్ సంతకంతో పోల్చి చూస్తుంది. రెండూ కలవకపోతే కొత్తదాన్ని పాతదాని మీద ఇన్‌స్టాల్ చేయడానికి నిరాకరిస్తుంది. నాణేలు ఉచితమంటూ మార్పులు చేసి పంచే గేము ఫైళ్లన్నింటికీ మధ్యలో ఎవరో మళ్లీ సంతకం చేసి ఉంటారు, ఎందుకంటే మార్పు జరిగిన తరువాత అసలు సంతకం చెల్లదు. మార్పు చేయని అసలు ఏపీకే అయితే బయటి నుంచి వచ్చినా సంతకం అదే ఉంటుంది, అప్‌డేట్ కూడా మామూలుగానే అవుతుంది.

సంతకం తేడాయే కారణమైతే, దురదృష్టవశాత్తూ, తీసేసి స్టోర్ నుంచి మళ్లీ ఇన్‌స్టాల్ చేయడం తప్ప వేరే దారి లేదు. కాబట్టి తీసేసే ముందు గేము సెట్టింగ్‌లలోకి వెళ్లి మీరు గెస్ట్‌గా ఆడుతున్నారా, ఏదైనా ఖాతాకు కలిపి ఆడుతున్నారా అన్నది చూడండి. గెస్ట్‌గా ఉంటే ముందు ఈమెయిల్‌తోనో, గేము ఇచ్చే బదిలీ కోడ్‌తోనో ఖాతా కలపండి. మార్పు చేసిన గేములో గూగుల్ ఖాతాతో లాగిన్ కావడం తరచుగా కుదరదు, ఎందుకంటే ఆ లాగిన్ కూడా సంతకాన్ని సరిచూస్తుంది. ఫైల్ మేనేజర్‌తో గేము డేటా ఫోల్డర్‌ను కాపీ చేసి దాచుకోవచ్చు కదా అంటారేమో. 2020లో వచ్చిన ఆండ్రాయిడ్ 11 నుంచి ఒక యాప్ మరో యాప్ డేటా ఫోల్డర్‌ను ముట్టుకోకుండా కట్టడి పెరిగింది, ఆ పాత చిట్కాను నమ్ముకోవద్దు.

జవాబు: రెండుఫోన్లు

క్రికెట్ గేము విషయంలో మీరు చేయవలసింది దాదాపుగా ఏమీ లేదు. గేము తయారీదారులు ప్లే స్టోర్‌లో కొత్త వెర్షన్‌ను ఒకేసారి అందరికీ వదలకుండా, మొదట కొద్ది శాతం మందికి ఇచ్చి, లోపాలు కనిపించకపోతే ఆ శాతాన్ని పెంచుకుంటూ పోవచ్చు. ఈలోగా సర్వరు పాత వెర్షన్‌ను నిరాకరించడం మొదలుపెడితే, వంతు రాని ఆటగాడు మీలాగే గుమ్మం బయట నిలబడవలసి వస్తుంది. ఇది ఆటగాడి తప్పు కాదు, ఫోను తప్పు అంతకన్నా కాదు; రెండు పనులనూ సమన్వయం చేసుకోవలసింది తయారీదారులే.

నా రెండవ ఫోను ఐఫోన్. అక్కడ ఈ దశలవారీ విడుదల 7 రోజులపాటు సాగుతుంది: మొదటి రోజు 1 శాతం, తరువాత వరుసగా 2, 5, 10, 20, 50 శాతం, ఏడవ రోజున 100 శాతం. అయితే ఆ వరుస ఆటోమేటిక్ అప్‌డేట్లకే వర్తిస్తుంది. యాప్ స్టోర్‌కు వెళ్లి స్వయంగా అప్‌డేట్ నొక్కినవారికి మొదటి రోజే కొత్త వెర్షన్ వస్తుంది.

మీరు యాప్‌ల నిర్వహణ పేజీలో అప్‌డేట్ల జాబితాను మరోసారి వెతికించండి, ఒక్కోసారి గేము పేజీ పాత సమాచారాన్నే చూపుతూ ఉంటుంది. గేము బీటా పరీక్షలో, అంటే విడుదలకు ముందే కొత్త వెర్షన్‌ను ఆడి చూసేవారిలో, ఎప్పుడైనా చేరి ఉంటే ఆ సంగతి కూడా గుర్తు తెచ్చుకోండి. బీటా వెర్షన్‌కు దారి వేరు.

చదరంగంబంటు

ముగ్గురికీ కృతజ్ఞతలు. రేసింగ్ గేము ముందు ఒక వీడియో ఎడిటింగ్ యాప్ అప్‌డేట్ సగంలో ఆగి ఉంది. దాన్ని రద్దు చేసి, పాత వీడియోలు తొలగించి 9 జీబీ ఖాళీ చేయగానే గేము దానంతట అదే కదిలింది, కాష్ దాకా వెళ్లే అవసరం రాలేదు. క్రికెట్ గేముకు నిన్న సాయంత్రం బటన్ వచ్చింది.

కోటల గేము విషయంలో తాళంచెవి గారి అనుమానమే నిజమైంది. రెండేళ్ల కిందట మా బావమరిది బ్లూటూత్‌లో పంపిన ఫైలు అది, అందులో ఎవరు ఏం మార్చారో ఆయనకూ తెలియదట. గూగుల్ లాగిన్ కుదరలేదు కానీ ఈమెయిల్‌తో ఖాతా కలిసింది. తీసేసి స్టోర్ నుంచి ఇన్‌స్టాల్ చేసి లాగిన్ కాగానే కోట ఉన్నది ఉన్నట్టుగా కనిపించింది. ఒక్క సందేహం: స్టోర్‌లో పూర్తిగా దిగిన తరువాత కూడా గేము లోపల మరో 1.2 జీబీ డౌన్‌లోడ్ చేయమంటోంది. ఇది మామూలేనా?

జవాబు: పాతఫోను

మామూలే. స్టోర్ నుంచి వచ్చేది గేము అసలు భాగం. బొమ్మలు, శబ్దాలు, మ్యాపులు వంటివి చాలా గేములు తమ సర్వరు నుంచి విడిగా తెచ్చుకుంటాయి. గేమును తీసేసినప్పుడు ఆ ఫైళ్లున్న ఫోల్డర్ కూడా తొలగిపోయింది కనుక ఇప్పుడు మొదటి నుంచీ దించుకోవాలి. ఈ డౌన్‌లోడ్ ప్లే స్టోర్ చేతిలో ఉండదు. మీరు మరో యాప్‌కు మారితే కొన్ని గేముల్లో అది అక్కడే ఆగిపోతుంది. ఫోనును చార్జింగ్‌లో పెట్టి, బ్యాటరీ సేవర్ ఆపి, ఆ 1.2 జీబీ పూర్తయ్యేవరకు గేము తెరనే ఉంచండి.