"యుద్ధం"లో ఎన్ని యుద్ధాలు?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. పిల్లల కోసం ఐరోపా చరిత్ర మీద చిన్న వ్యాసం రాస్తూ ఒకచోట ఆగిపోయాను. 1409 నుంచి 1411 దాకా పోలండ్, లిథువేనియా ఒకవైపు, ట్యూటానిక్ నైట్లు అనే జర్మన్ మతవీరుల సంఘం మరోవైపు తలపడ్డారు. పోలండువాళ్లు దీన్ని "మహాయుద్ధం" అంటారు. అందులో అసలు దెబ్బ 1410 జూలై 15న గ్రున్‌వాల్డ్ దగ్గర పడింది. నైట్ల అధిపతి ఉల్రిష్ ఫాన్ యుంగింగెన్ అక్కడే చనిపోయాడు. అదే ఏడాది అక్టోబర్ 10న కొరొనొవొ దగ్గర ఇంకోటి, చిన్నది, జరిగింది. "మహాయుద్ధంలో గ్రున్‌వాల్డ్ యుద్ధం తర్వాత జరిగిన కొరొనొవొ యుద్ధం" అని రాసి చూసుకుంటే నాకే నవ్వొచ్చింది. మొత్తానికి ఒక మాట, అందులో ఒక్కరోజు జరిగినదానికి ఇంకో మాట మనకు లేవా?

జవాబు:
ఉన్నాయండీ. బడి పుస్తకాలే మనల్ని పాడుచేశాయి. ప్లాసీ దగ్గర ఒక్క పూటలో తేలిపోయిందీ యుద్ధమే, నాలుగేళ్లు సాగిన ప్రపంచ యుద్ధమూ యుద్ధమే.

పల్నాడు వైపు చూడండి. బ్రహ్మనాయుడు, నాగమ్మల మధ్య నడిచిన మొత్తం కథ "పల్నాటి యుద్ధం". కారెంపూడిలో ఏటా వీరారాధన ఉత్సవాలు ఐదు రోజులు జరుగుతాయి కదా, ఆ రోజుల పేర్లు రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కళ్లిపాడు. పెద్ద కథకు "యుద్ధం", అందులో ఒక్కో ఘట్టానికి "పోరు". జనం ఎవరినీ అడక్కుండానే తేడా పెట్టుకున్నారు. మీరూ "కొరొనొవొ పోరు" అని రాసేయండి.

మరొకరు:
పోరు అంటే ఇప్పుడు క్రికెట్ అండీ. "నేడు తుది పోరు" అని పేపర్లో చూస్తే ఎవరైనా టీవీ పెడతారు. ఎన్నికల పోరు, ఇంటిపోరు సరేసరి. "పోరు నష్టం పొందు లాభం" అన్నప్పుడు కూడా కత్తులేమీ గుర్తురావు. "కయ్యం" ఎలా ఉంటుంది? పాత కావ్యాల్లో రాజులు చేసింది కయ్యమే.

జవాబు:
కావ్యాల వరకు నిజమే. ఈనాటి చెవికి మాత్రం కయ్యం గట్టు తగాదాలా వినిపిస్తుంది. "దొమ్మి" ఇంకా ఘోరం. ఒకప్పుడు సైన్యాలు కలగలిసి కొట్టుకోవడానికి వాడిన మాట, ఇప్పుడు పోలీస్ స్టేషన్లో కేసు.

అయితే కొరొనొవొ సంగతి తెలిస్తే కయ్యం వైపు నాక్కూడా కొంచెం మనసు లాగుతోంది. గ్రున్‌వాల్డ్ గెలిచాక పోలండు రాజు యగైలో నైట్ల రాజధాని మారియెన్‌బుర్గ్‌ను ముట్టడించాడు, కోట లొంగలేదు, సెప్టెంబరులో వెనక్కి తిరిగాడు. అంత గెలుపూ చేజారేలా ఉన్న సమయంలో మిహాయెల్ క్యుష్‌మైస్టర్ అనే నైట్ కొత్త బలగంతో పడమటి నుంచి వచ్చాడు. కొరొనొవొ దగ్గర అతని బలగం, పోలండు సైన్యం ఎదురుపడ్డాయి. చరిత్రకారుడు యాన్ ద్లుగోష్ రాసినదాని ప్రకారం రెండుసార్లు ఇరుపక్షాలూ ఒప్పుకొని పోరు ఆపారు. గాయపడ్డవాళ్లకు కట్లు కట్టుకున్నారు, బందీలను మార్చుకున్నారు, ఒకరికొకరు ద్రాక్షసారా పంపుకున్నారు. మళ్లీ గుర్రాలెక్కారు! మూడో విడతలో నైట్ల జెండా పోలండువాళ్ల చేతికి చిక్కడంతో కథ ముగిసింది. క్యుష్‌మైస్టర్ బందీ అయ్యాడు. 1414లో అదే మనిషి నైట్లకు అధిపతి అయ్యాడన్నది వేరే ముచ్చట.

"కయ్యానికైనా వియ్యానికైనా సమ ఉజ్జీ కావాలి" అన్న సామెత ఇక్కడ అతికినట్టు సరిపోతుంది. కాకపోతే ద్లుగోష్ పుట్టిందే 1415లో, పైగా పోలండు మనిషి, అక్కడి వీరుల మర్యాదలంటే ఆయనకు మహా ముచ్చట. మద్యం పంపుకోవడం గురించి రాసేటప్పుడు "అని ద్లుగోష్ రాశాడు" అన్న నాలుగు అక్షరాలు వదలొద్దు.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలు మాస్టారూ. ఇలా మార్చాను: "మహాయుద్ధం గ్రున్‌వాల్డ్ సమరంతో ముగియలేదు. మూడు నెలలకు కొరొనొవొ దగ్గర మరో పోరు జరిగింది. 1411 ఫిబ్రవరి 1న తోరున్‌లో సంధి కుదిరింది." పెద్దదానికి సమరం, చిన్నదానికి పోరు. కయ్యాన్ని సామెతలోనే ఉంచేశాను.

మరొకరు:
బాగుంది. నేను ఒప్పుకున్నట్టే. కానీ "నైట్లు" చూసి పిల్లలు రాత్రుళ్లు అనుకుంటారేమో?

ప్రశ్న అడిగినవారు:
మా ఇంట్లో ఒకరు ఇప్పటికే అనుకున్నారండీ. మొదటిసారి వచ్చినచోట "గుర్రాల మీద పోరాడే మతవీరులు" అని పక్కన రాశాను.