శిలానందుడు పండితుడా, పక్కవాడి చదువు తనదని రాసుకున్నవాడా?

పెన్నాగట్టు (కడప):
మనమంతా కలిసి అల్లుతున్న ఏడంతరాల లోకంలో శిలానందుడి జీవితచరిత్ర పూర్తిచేసి మొన్న పెట్టాను. చదవనివాళ్ళ కోసం రెండు ముక్కలు: గురుకులం వాళ్ళు వెళ్ళగొడితే, దివిటీ పట్టే కుర్రాణ్ణి వెంటేసుకుని, భూమి కింద పారే ఏటి వెంట ఆరు రోజులు నడిచి కళ్ళులేని జనం ఊరు చేరతాడు. వాళ్ళ గోడరాతలు నకలు తీసుకుని పైకొచ్చి తొలి నిఘంటువు రాస్తాడు. ఈయన్ని మన లోకంలో మొదటి అన్వేషకుడిగా ఖాయం చేద్దామా?

బురుజుకాడ (కర్నూలు):
అన్నా, అంతా బాగుంది కానీ దివిటీ ఆరు రోజులు ఎట్లా మండింది? మా ఊరి జాతరలో దివిటీ పట్టినోణ్ణి నేను. గుడ్డ చుట్టి ఆముదంలో ముంచితే ఎంతసేపు వస్తుంది? పక్కన ఒకడు చెంబుతో పోస్తానే ఉండాలి. అన్ని కుండల నూనె ఎవరు మోశారు? గాలి సంగతి సరేసరి. బెలుం గుహలు 3,229 మీటర్లు. మనం తిరిగే మేరకే గాలి కోసం పైనుంచి గొట్టాలు దించాల్సి వచ్చింది.

ఉగ్గాని:
నూనె లెక్కలు మొదలయ్యాయి. ఇక ఈ థ్రెడ్ తెమలదు.

పెన్నాగట్టు:
రెక్కల తాబేళ్ళు ఎగిరితే ఒప్పుకున్నారు, దివిటీ దగ్గర ఆగిపోయారా సామీ! నేను చూపించాలనుకున్నది చదువు కోసం తెగించిన మనిషిని. బ్రౌన్ దొర మా కడపలో బంగళా కొని, పండితుల్ని జీతాలిచ్చి పెట్టుకుని, తాళపత్రాలన్నీ సరిచూయించి, చివరికి 1852లో నిఘంటువు తెచ్చాడు. అలాంటి మొండిపట్టు.

వేరుశనగ (అనంతపురం):
“పండితుల్ని పెట్టుకుని” అన్నారే, అక్కడే ఆగండి. ఆ పండితుల్లో ఒక్కరి పేరు చెప్పగలరా, వెతకకుండా? సర్వేయర్ కర్నల్ మెకంజీ పేరు మీదున్న కైఫీయత్తుల (ఊళ్ళ చరిత్రల) సంగతీ అంతే. ఊళ్ళ వెంట తిరిగి, కరణాల దగ్గర కూర్చుని సేకరించింది ఆయన దగ్గర పనిచేసిన కావలి సోదరులు, వాళ్ళ కింది మనుషులు. 1821లో మెకంజీ పోయాక ఆ పని నేను కొనసాగిస్తానని కావలి లక్ష్మయ్య అడిగితే ఆసియాటిక్ సొసైటీ ఒప్పుకోలేదు. మీ శిలానందుడు ఏ బాపతో అర్థమవుతోంది.

బురుజుకాడ:
తాబేలుకు రెక్కలు ఎందుకొచ్చాయో మూడో చాప్టర్‌లో రాశావు కదన్నా. దివిటీకి రాయలేదు. నా లెక్కలో రెండో రోజుకే నూనె అయిపోవాలి. మరి చీకట్లో గోడరాతలు ఎట్లా చూశాడు?

వేరుశనగ:
చూడలేదు. ఆ రాతలు వేళ్ళతో తడిమి చదివేవి. పాత డ్రాఫ్ట్‌లో దివిటీ ఆరిపోతుంది. పండితుడు భయంతో గోడకు అతుక్కుపోతాడు. కుర్రాడు ఆయన బొటనవేలు పట్టుకుని ఒక గాటులో పెట్టి, చూపుడువేలు పక్క గాటు మీదికి జరిపి, “ఇది నీళ్ళు. ఇది పారే నీళ్ళు” అని చెప్తాడు. వాడి అమ్మ ఆ జనంలోదే. ఆ పేజీ ఏమైంది?

లంకమల (బద్వేలు):
కలివికోడిదీ ఇదే కథ. అంతరించిపోయిందనుకున్న పిట్ట 1986లో మా వైపు రెడ్డిపల్లె దగ్గర మళ్ళీ దొరికింది. చేత్తో పట్టుకున్నది ఊళ్ళో పిట్టలు పట్టే మనిషి. ఇంగ్లీషులో పిట్టకున్నది మాత్రం జెర్డన్ దొర పేరు.

పెన్నాగట్టు:
పిట్టను పట్టడం వేరు, అది ఏ పిట్టో తేల్చడం వేరు. కుర్రాడు నాలుగు మాటలు చెప్పాడు, సరే. వాటిని క్రమంలో పెట్టి గ్రంథం చేసింది ఎవరు? ఆ పేజీ ఉంటే కథానాయకుడు మరీ చిన్నబోతున్నాడు, అందుకే తీశాను. నిడివి కూడా ఎక్కువైంది.

బురుజుకాడ:
అంటే నూనె రెండో రోజుకే అయిపోయినట్టేనా? అది ఒప్పుకుంటే నాకు పేచీ లేదు.

ఉగ్గాని:
ఎవరన్నా ఇతనికి ఆముదం సీసా ఇచ్చి పంపండి.

వేరుశనగ:
నిడివి ఎక్కువైందట! గురుకులం భోజనాల మీద రెండు పేజీలున్నాయి, వాటికి రాలేదు నిడివి.

పెన్నాగట్టు:
ఏదో నాలుగు పేజీలు రాసిచ్చి మొత్తం చరిత్ర నీదన్నట్టు మాట్లాడకు తల్లీ. రాత్రిళ్ళు కూర్చుని కూర్చింది నేను.

వేరుశనగ:
ఇప్పుడు బయటికొచ్చింది. అవును, ఆ పేజీ నేను రాసిందే. నేనిదివరకు ఒకచోట శాసనాలకు నకళ్ళు తీసే పని చేశాను. రాయిని కడిగి, తడి కాగితం పరిచి, బ్రష్‌తో కొట్టి కొట్టి అక్షరం గుంటలోకి దించాలి. ఆ తర్వాతే సిరా అద్దడం. కొండ మీద గాలికి కాగితం చిరిగితే మళ్ళీ మొదలు. పుస్తకం వచ్చాక చూస్తే ముందుమాటలో కారు డ్రైవర్‌కు కూడా కృతజ్ఞతలున్నాయి, నా పేరు లేదు. అడిగితే “నకలు తీయడం చదవడం కాదమ్మా” అన్నారు. మీరిప్పుడు అన్న మాటే. చదవకుండా ఏ అక్షరం ఎక్కడ అరిగిందో ఎవరికి తెలుస్తుందండీ?

లంకమల:
అక్కా, ఇది శిలానందుడి గురించిన థ్రెడ్...

వేరుశనగ:
ఆయన గురించే చెప్తున్నా.

పెన్నాగట్టు:
నీకు కోపం ఎవరో తెప్పిస్తే నా పాత్ర మీద చూపించడం ఏం న్యాయం? పేరు కావాలంటే ముందే అడగాల్సింది. రేపే చివర్లో వేస్తాను.

వేరుశనగ:
నా పేరు అక్కర్లేదు. కుర్రాడికి పేరు పెట్టండి. మీ చరిత్రలో తాబేలుకు పేరుంది, గురుకులం వంటవాడికి పేరుంది. వాడు మొదటి పేజీ నుంచి చివరిదాకా “కుర్రాడే”.

పెన్నాగట్టు:
పేరు పెడితే వాడికీ ఒక జీవితం రాయాలి. అది ఎవరు రాస్తారు?

వేరుశనగ:
మీరైతే కాదు.