ఈ వారం సమస్య: "అగ్రజుండు పుట్టె ననుజు వెనుక"

పద్యపీఠం (నిర్వాహకురాలు):
అందరికీ నమస్కారం. ఈసారి ఆటవెలది (ఆ.వె.) పద్యానికి నాలుగో పాదం సమస్యగా ఇస్తున్నాను. మిగతా మూడు పాదాలూ రాసి పూరణ చేయాలి.

అగ్రజుండు పుట్టె ననుజు వెనుక

అన్న తమ్ముడి తర్వాత పుట్టాడట. ఎలా పుట్టాడో మీరు చెప్పాలి. ఐదూ సూర్యగణాలే, అంటే మూడేసి మాత్రల గణాలు. యతి, అంటే పాదం మొదటి అక్షరంతో కుదరాల్సిన అక్షరమైత్రి, మొదటి "అ"కీ నాలుగో గణంలోని "న"కీ. "పుట్టెన్ + అనుజు" అని విడదీస్తే అక్కడున్నది అకారమే కాబట్టి స్వరయతి కుదిరింది. మూడో పాదం చివరి సంధిని బట్టి సమస్య మొదటి అక్షరం "న, య, డ" ఏదైనా కావచ్చు. సరళాదేశాలు, అరసున్నలు పాటించకపోయినా తప్పు పట్టను. అచ్చు సంధుల్లో మాత్రం మినహాయింపు లేదు.

తుంగభద్ర:
అక్కయ్యా, ముందుగా నాది.

ఆ.వె.
పొద్దు పడమటింట పొడుచునే యెచటైన?
పండు కాచి పూయు పాదు గలదె?
యిట్టి మాట లేల? యెవరింట నేనాడు
నగ్రజుండు పుట్టె ననుజు వెనుక?

పద్యపీఠం:
నడక హాయిగా ఉంది. "పొద్దు – పొడుచు", "పండు – పాదు" యతులు వెతుక్కుని తెచ్చినట్టు లేవు, వాటంతటవే పడ్డాయి. కానీ తమ్ముడూ, సమస్యను ప్రశ్నగా మార్చి "అలా ఎక్కడా జరగదు" అనేయడం అవధాన సభల్లో బాగా నలిగిన దారి. క్షణాల్లో చెప్పాల్సిన అవధానికి అది చెల్లుతుంది. మనకు వారం గడువుంది. ముడి విప్పకుండా పక్కకు తప్పుకున్నట్టయింది.

మానుకోట మాష్టారు:
రెండో పాదం మీద నాదొక మాట. సొర, గుమ్మడి, దోస పాదుల్లో ఆడపువ్వు విచ్చుకోకముందే దాని కింద చిన్న పిందె కనిపిస్తుంది. పొలం చూసినవాడు "అలాంటి పాదు గలదు" అంటాడు. ఆ పిందెతోనే పూరణ చేసి ఉంటే సమస్య అందంగా విడిపోయేది కదా! మళ్లీ ప్రయత్నించు నాయనా.

గౌతమీతీరం:
భాగవతం మూడో స్కంధం గుర్తొచ్చింది.

ఆ.వె.
కశ్యపునకు ముందు కలిగినవా డన్న;
దితికి మొదట కలిగె ధీరు డనుజు
డా హిరణ్యనేత్రు డటుపైన కశిపుడై
యగ్రజుండు పుట్టె ననుజు వెనుక.

పద్యపీఠం:
ఈ సమస్య ఇచ్చినప్పుడు నా మనసులో ఉన్న కథ ఇదే. సంస్కృత భాగవతంలో కశ్యపుడు కవలలకు పేర్లు పెట్టే చోట చిత్రమైన లెక్క ఉంది. తన దేహం నుంచి ముందుగా కలిగినవాడు హిరణ్యకశిపుడు, దితి ముందుగా కన్నవాడు హిరణ్యాక్షుడు. "ముందుగా కన్నది" అనడానికి అక్కడ వాడిన మాట "అగ్రతః". ఆ తర్వాత రెండు శ్లోకాలకే హిరణ్యాక్షుణ్ణి "అనుజః" అన్నారు. అంటే అగ్రంలో పుట్టినవాడే అనుజుడయ్యాడు! మన ఇళ్లల్లో కొందరు పెద్దవాళ్లు కవలల్లో రెండోసారి బయటికొచ్చిన బిడ్డను పెద్దవాడనడం వెనుకా ఈ లెక్కే ఉంది. ముందు కడుపున పడ్డవాడు లోపలికి ఉండి వెనక వస్తాడని వాళ్ల నమ్మకం. ఇప్పుడు ఆసుపత్రి కాగితంలో మాత్రం ముందు బయటికొచ్చినవాడే పెద్ద.

ఇక లోపం. "కశిపు" అంటే పరుపు, తల్పం. బంగారు తల్పం గలవాడు హిరణ్యకశిపుడు. హిరణ్యం తీసేసి "కశిపుడై" అంటే మిగిలేది పరుపే. "సత్యభామ"ను "భామ" అన్నట్టు అన్ని పేర్లనూ సగానికి కోయలేం.

గౌతమీతీరం:
అవునండీ, గణం కోసం కోశాను. "హిరణ్యకశిపుడు" ఆటవెలదిలో ఎక్కడ పెట్టాలో తోచలేదు.

మానుకోట మాష్టారు:
పేరు లేకుండానే చెప్పవచ్చు. మూడో పాదం ఇలా మార్చి చూడండి:

డా హిరణ్యనేత్రు డటుమీద నసురేంద్రు
డగ్రజుండు పుట్టె ననుజు వెనుక.

"హిరణ్యనేత్రుడు" అన్నాక అసురేంద్రుడైన అన్న ఎవరో తెలుగువాళ్లకు వేరే చెప్పాలా!

పద్యపీఠం:
బాగుంది మాష్టారూ. "అసురేంద్రు డగ్రజుండు" అనడంలో గద్దె, వయసు పక్కపక్కన నిలిచాయి.

మన్యం పిట్ట:
నేను మూడుముక్కలాటలా ముగ్గుర్ని కలిపాను. శత్రుఘ్నుని అన్న లక్ష్మణుడు, రాముని తమ్ముడు భరతుడి తర్వాత పుట్టాడు.

ఆ.వె.
రఘువరునకు పిదప రాజిల్లె భరతుండు
పుష్యమందు తొలుత, పుణ్యమూర్తి
యా సుమిత్రయందు నాశ్లేష శత్రుఘ్ను
నగ్రజుండు పుట్టె ననుజు వెనుక.

కొత్తకలం:
చాలా బాగుందండీ. నాదొక సందేహం. "శత్రుఘ్ను నగ్రజుండు"లో ఆ "న" ఎక్కడి నుంచి వచ్చింది? శత్రుఘ్నుని అని ఉండాలి కదా?

పద్యపీఠం:
మంచి ప్రశ్న. అది నుగాగమం. షష్ఠీ సమాసంలో మొదటి పదం ఉకారంతో గానీ ఋకారంతో గానీ ముగిసి, తర్వాత అచ్చు వస్తే మధ్యలో నకారం చేరుతుంది. "విధాతృ నానతి", "రాజు నాజ్ఞ" లాంటివి. కాబట్టి ప్రయోగం నిక్షేపం.

పూరణలో నాకు నచ్చింది నక్షత్రాలు. వాల్మీకి బాలకాండలో రాముడిది పునర్వసు, భరతుడిది పుష్యమి, సుమిత్ర కొడుకులిద్దరిదీ ఆశ్లేష. వరస మొత్తం ఆ నక్షత్రాల్లోనే ఉంది. సమస్యలో "అగ్రజుడు" ఎవరికి, "అనుజుడు" ఎవరికి అన్నది చెప్పలేదు. ఇద్దరినీ ఒకే జంట అనుకోవడం మన అలవాటు. ఆ అలవాటు మీద దెబ్బ కొట్టారు. ఒక్క లోపం: "తొలుత" అక్కడ కుదరదు. రాముని పిదప అని చెప్పి మళ్లీ తొలుత అంటే పాఠకుడు తడబడతాడు. "పుష్యమందు వెలుగ" అన్నా గణాలు సరిపోతాయి.

కొత్తకలం:
ధైర్యం చేసి నాదీ పెడుతున్నాను. డల్లాస్‌లో ఉంటాం. నవంబరు మొదటి ఆదివారం తెల్లవారుజామున రెండు కాగానే ఇక్కడ గడియారాన్ని ఒంటి గంటకు తిప్పుతారు. ఒంటి గంట యాభైకి ఒక బిడ్డ, ఇరవై నిమిషాల తర్వాత ఇంకో బిడ్డ పుడితే, రెండో బిడ్డ కాగితంలో ఒంటి గంట పదికి పుట్టినట్టు ఉంటుంది.

ఆ.వె.
కవల లమెరికాన, గడియారమును తిప్ప
వెనుక కొక్క గంట, వింత గనుము!
కాగితమున జూడ కాలమే తిరుగంగ
నగ్రజుండు పుట్టె ననుజు వెనుక.

పద్యపీఠం:
ఆహా! పురాణం తెరవకుండా, శ్లేష పెట్టకుండా, ఏ మాట అర్థాన్నీ వంచకుండా సమస్యను ఉన్నదున్నట్టు నిజం చేశారు. "కాలమే తిరుగంగ" ఈ పద్యానికి ప్రాణం.

"వెనుక కొక్క" మాత్రం దిద్దుకోవాలి. "కు" ద్రుతాంతం, అంటే చివర నకారం ఉన్న మాట. దాని మీద అచ్చు వస్తే నకారం నిలిచి "వెనుకకు నొక్క" అవుతుంది గానీ "వెనుక కొక్క" కాదు. మాట్లాడేటప్పుడు అందరం అలాగే అంటాం, పద్యంలో ఒప్పరు. మొదటి రెండు పాదాలు ఇలా అయితే?

కవల లమెరికాన, గడియార మొక రేయి
వెనుక జరుగ గంట, వింత గనుము!

కొత్తకలం:
అలాగే మార్చుకుంటానండీ. "ఒక రేయి" రావడంతో కథలా కూడా ఉంది.

మానుకోట మాష్టారు:
అమ్మా, ఇప్పటిదాకా వచ్చినవన్నీ "అగ్రం" అంటే "ముందు" అనే అర్థం మీదే నడిచాయి. ఆ మాటకు మొన అన్న అర్థం ఉంది, పైచోటు అన్న అర్థమూ ఉంది. సూది మొన మోపినంత నేల కూడా ఇవ్వనన్న దుర్యోధనుడి మాటలో ఉన్నది అగ్రమే. కుశాగ్రబుద్ధి, నాసికాగ్రం, ఏకాగ్రత అన్నీ ఆ మొన బంధువులే. ఇక అగ్రాసనం, అగ్రతాంబూలం, పేపర్లో రాసే అగ్రరాజ్యం, అగ్రనటుడు, వీటిలో పుట్టుక ఊసే లేదు, స్థానమే ఉంది. నా పూరణ ఆ స్థానం మీద.

ఆ.వె.
అగ్రజుడను పేర నాదిదేవుని గొల్తు
నదితి గర్భమందు నతడు చేరి
యింద్రు పిదప బాలు డేతెంచె నీరీతి
నగ్రజుండు పుట్టె ననుజు వెనుక.

విష్ణు సహస్రనామాల్లో "అగ్రజః" ఒక నామం. అన్నిటికన్నా ముందున్నవాడు. "ఉపేంద్రః" కూడా అందులోనిదే, ఇంద్రుడికి తమ్ముడు. ఒకే స్తోత్రంలో ఒకే దేవుడు అన్నా అయ్యాడు, తమ్ముడూ అయ్యాడు.

తుంగభద్ర:
మాష్టారూ, ఇంద్రుణ్ణి "అనుజు" అనడం కుదురుతుందా? వామనుడికి ఇంద్రుడు అన్నే కదా?

మానుకోట మాష్టారు:
పుట్టుక లెక్కలో అన్నే. ఆదిదేవుడి లెక్కలో అందరూ తర్వాత పుట్టినవాళ్లే. అనుజుడంటే తర్వాత పుట్టినవాడు, అంతే. ఈ రెండు లెక్కల తగువు రాజసూయ సభలోనే వచ్చింది. భీష్ముడు కృష్ణుడికి అగ్రపూజ చేయమంటే శిశుపాలుడు లేచి ఏమన్నాడు? వయసు చూస్తే వసుదేవుడున్నాడు, ఆచార్యుణ్ణి చూస్తే ద్రోణుడున్నాడు, ఋత్విజుణ్ణి చూస్తే వ్యాసుడున్నాడు, ఏ లెక్కన ఈయనకు అన్నాడు. శిశుపాలుడు దుష్టుడే గానీ అడిగిన ప్రశ్న గట్టిది. ముందు కూర్చోవాల్సింది ముందు పుట్టినవాడా, మిన్న అయినవాడా?

పద్యపీఠం:
అందుకే నాకు ఈ మాటంటే ఇష్టం మాష్టారూ. కాలంలో ముందుండటం, గౌరవంలో ముందుండటం రెండూ ఒకటేనని మనం తెలియకుండానే నమ్ముతాం. పెళ్లిలో అగ్రతాంబూలం ఎవరికివ్వాలన్న చోట పెద్ద పెద్ద కుటుంబాలు అలగడం చూస్తూనే ఉన్నాం. వయసులో పెద్దాయన ఒకరు, ఊరందరూ తలవంచే ఆయన ఇంకొకరు అయినప్పుడు వస్తుంది చిక్కు. మీ పద్యం ఆ రెంటినీ విడదీసింది. వ్యాకరణంలో వేలు పెట్టే చోటు లేదు. "బాలుడు" బదులు పొట్టితనం తెలిసే మాట పడితే వామనుడు ఇంకా కళ్లకు కట్టేవాడు, అంతే.

నల్లరేగడి:
కాస్త ఆలస్యమైంది. నాది చూడండి.

ఆ.వె.
కుంతి నోటినుండి కొడు కని వినగానె
ధర్మజునకు గంగ దరిని నిలువ
కనుల నీరు జారె, కర్ణుడై మదిలోన
నగ్రజుండు పుట్టె ననుజు వెనుక.

గౌతమీతీరం:
చదివి కాసేపు ఏమీ రాయలేకపోయాను.

మన్యం పిట్ట:
"మదిలోన పుట్టె" అనడంతో సమస్య విడిపోయింది నిజమే. కానీ "అనుజు వెనుక" ఎవరి వెనుక? ధర్మరాజు వెనుకా, అర్జునుడి వెనుకా? అది తేలలేదని నాకనిపిస్తోంది.

నల్లరేగడి:
నేను రాసేటప్పుడు ధర్మరాజే మనసులో ఉన్నాడు. అంతవరకూ తానే పెద్దవాణ్ణని బతికినవాడు. యుద్ధం ముగిసి, చనిపోయినవాళ్లకు గంగలో నీళ్లు వదిలే వేళ కుంతి వచ్చి, కర్ణుడికీ వదలండి, ఆయన మీ అన్న అంది. ధర్మరాజుకు ఆ క్షణాన అన్న పుట్టాడు, అప్పటికే చనిపోయి.

పద్యపీఠం:
మన్యం పిట్ట గారూ, అది తేలకపోవడమే దీని బలం అంటాను. ధర్మరాజు అనుకుంటే, పెద్దరికం చేసినవాడికి తన తర్వాత అన్న దొరికాడు. అర్జునుడు అనుకుంటే, చంపినవాడి వెనుక చనిపోయినవాడు అన్నగా నిలిచాడు. రెండూ పొసుగుతాయి. పైగా స్థానం సంగతి చూడండి. పట్టాభిషేకం ఎవరికి జరగాలన్న తగువుతో మొదలైన యుద్ధం అది. అసలు పెద్దకొడుకెవరో చివర్లో తెలిసింది. "అగ్రజుడు" అన్న మాటలోని రాజ్యహక్కు అంతా పద్యంలో ఎక్కడా చెప్పకుండానే వినిపిస్తోంది.

మాట వరకు ఒక్కటే: "కొడు కని" దగ్గర ఆ కొడుకెవరో తెలియడానికి మూడో పాదంలో కర్ణుడి పేరు దాకా ఆగాలి. ఆగడం మంచిదే, నేను మార్చమనను. "కనుల – కర్ణుడై" యతి ఎంత సహజంగా ఉందో కొత్తగా రాసేవాళ్లు గమనించండి. యతి కోసం తెచ్చిన మాట ఏదీ లేదు.

తుంగభద్ర:
ఈ వారానికి ఇదే అగ్రస్థానం అని నా ఓటు.

కొత్తకలం:
అక్కయ్యా, ఇంకొక్క ప్రశ్న. అన్న అగ్రజుడైతే అక్కను ఏమంటారు? అగ్రజురాలు అనవచ్చా?

పద్యపీఠం:
అక్కర్లేదు. అక్క "అగ్రజ", చెల్లెలు "అనుజ". చక్కని చిన్న మాటలు, పద్యంలో ఎందుకో తక్కువ వాడుతున్నాం. మీరు అడిగారు కాబట్టి వచ్చేవారం సమస్య ఇదే ఇస్తాను, ఛందస్సు ఆటవెలదే:

అగ్రజ జనియించె ననుజ వెనుక

కవలలు, గడియారాలు ఈసారి వద్దు. మాష్టారు చెప్పిన సొరపాదు మాత్రం ఇంకా ఎవరూ ముట్టుకోలేదు.