'యూ ఆల్రైట్?' అని అడిగితే ఏం చెప్పాలి?

పాలకొల్లు సభ్యురాలు:
గ్రూపులో పెద్దలందరికీ నమస్కారమండీ. మా అక్క కూతురు నర్సింగ్ చదివి ఈమధ్యే ఇంగ్లండ్‌లో ఉద్యోగంలో చేరింది. ఊరు డెర్బీ. పరీక్షలన్నీ రాసి మంచి మార్కులతోనే వెళ్లింది, చదువుకున్న ఇంగ్లిష్‌కి లోటేం లేదు. కానీ డ్యూటీకి వెళ్లగానే ఎదురైన ప్రతివాళ్లూ 'యూ ఆల్రైట్?' అని అడుగుతున్నారట. పిల్ల మొదట తన మొహం అంత పీక్కుపోయిందా అని అద్దం చూసుకుందట. తర్వాత నిద్ర సరిపోవట్లేదనీ, చలికి కాళ్లు లాగేస్తున్నాయనీ ఉన్నమాట చెప్పడం మొదలుపెట్టిందట. అడిగినవాళ్లు వినీ విననట్టు నడుచుకుంటూ వెళ్లిపోతున్నారు. 'వీళ్లకి మనసు లేదు పిన్నీ' అని ఫోన్‌లో ఒకటే ఏడుపు. ఇంగ్లిష్‌లో ఈ పలకరింపులు ఎన్ని రకాలు, దేనికి ఏం చెప్పాలి? తెలిసినవాళ్లు కాస్త వివరంగా రాయండి, పిల్లకి పంపుతాను.

రాజోలు సభ్యుడు:
మన సెంటర్లో 'ఎందాకా?' అని అడిగినవాడికి ఎవరైనా బస్సు టికెట్ తీసి చూపిస్తారా అండీ? 'ఇలాగే' అంటాం, అయిపోయింది. అదీ ఇంతే. ఆయ్.

అమలాపురం సభ్యుడు:
రాజోలు వారు ఒక్క ముక్కలో తేల్చేశారు. నేను స్పోకెన్ ఇంగ్లిష్ చెబుతాను కాబట్టి కొంచెం సాగదీస్తాను, ఏమనుకోకండి.

మనవాళ్లకు పలకరించడం రాక కాదు ఇబ్బంది. హాయ్, హలో, గుడ్ మార్నింగ్, హౌ ఆర్ యూ ఎల్‌కేజీ నుంచే వచ్చేస్తాయి. అవతలివాళ్లు పలకరిస్తే బదులివ్వడం దగ్గరే తడబడతాం. ఏ స్పోకెన్ ఇంగ్లిష్ పుస్తకం తీసినా పలకరించే మాటలు పేజీల కొద్దీ ఉంటాయి, బదుళ్ల దగ్గరికొచ్చేసరికి ఒకటే ఉంటుంది: 'ఐ యామ్ ఫైన్, థాంక్యూ, అండ్ యూ?' అందులో తప్పేమీ లేదు. కాకపోతే క్లాసంతా లేచి నిలబడి ఒకే రాగంలో అప్పజెప్పడం అలవాటైపోయి, ఆ రాగం పెద్దయ్యాక కూడా పోదు. మా దగ్గరికొచ్చే పిల్లల్లో సగం మందికి నేను ముందు ఆ రాగం మాన్పించాలి.

ఇప్పుడు అమ్మాయి సంగతి. బ్రిటన్‌లో 'యూ ఆల్రైట్?' అంటే ఆరోగ్యం గురించి అడిగినట్టు కాదు, 'హాయ్' అన్నట్టు. ఒక్కోసారి 'యూ' కూడా మింగేసి 'ఆల్రైట్?' అనే అంటారు. దానికి 'యా, యూ?' చాలు. లేదా 'నాట్ బ్యాడ్, యూ?' నడుస్తూ నడుస్తూనే చెప్పాలి, ఆగక్కర్లేదు. బదులు ఎంత పొట్టిగా ఉన్నా ఆ చివరి 'యూ?' మాత్రం వదలకూడదు. ఉత్త 'యా' అని ఊరుకుంటే ముభావంగా ఉందనుకుంటారు. ఇంకో సంగతి, బ్రిటిష్‌వాళ్ల నోట 'నాట్ బ్యాడ్' అంటే బాగానే ఉందని. మనం 'పర్లేదు' అన్నప్పుడు ఎలా పలుకుతామో అలాంటిదే.

అమెరికాలో షాపులో బిల్లు కొట్టే పిల్ల కూడా 'హౌ ఆర్ యూ?' అంటుంది. 'గుడ్, హౌ ఆర్ యూ?' అనేసి సామాన్లు ముందుకు జరపడమే. 'వాట్స్ అప్?' అంటే 'నాట్ మచ్'. 'హౌ ఈజ్ ఇట్ గోయింగ్?' అంటే 'గుడ్'. ఈ రెండిటి బదుళ్లు మాత్రం కలగాపులగం చేయకూడదు. 'హౌ ఈజ్ ఇట్ గోయింగ్?' అని అడిగితే 'నాట్ మచ్' అన్నవాడిని చూసి నవ్వుతారు. ఆస్ట్రేలియావాళ్ల 'గుడ్ డే' మన చెవికి 'గుడై' అని వినిపిస్తుంది, తిరిగి అదే అనాలి. 'హౌ డూ యూ డూ?'కి కూడా 'హౌ డూ యూ డూ?' అనే అంటారు. ప్రశ్నకు ప్రశ్నే బదులేంటండీ అని పిల్లలు అడుగుతారు. అది వాళ్ల మర్యాద, అంతే. ఇప్పుడు దాన్ని వాడేవాళ్లు తక్కువ. మొదటిసారి కలిసినవాళ్లతో 'నైస్ టు మీట్ యూ' అంటే సరిపోతుంది. అదే మనిషి రెండోసారి కలిస్తే 'మీట్' పోయి 'సీ' వస్తుంది: 'నైస్ టు సీ యూ'.

'సీ యూ లేటర్' దగ్గర కూడా జాగ్రత్త చెప్పండి. డ్యూటీ దిగి ఇంటికెళుతూ తోటి నర్సు ఆ మాట అంటే సాయంత్రం ఇంటికొస్తుందని టీ పెట్టుకుని కూర్చోనక్కర్లేదు. మనం వెళ్లిపోతూ 'వస్తానండీ' అంటాం కదా.

మరి నిజంగా అడిగేది ఎప్పుడు? మనిషి ఆగుతుంది. మొహంలోకి చూస్తుంది. 'ఆర్ యూ ఓకే?' అనో, 'ఆర్'ని కాస్త ఒత్తి పలుకుతూ 'హౌ ఆర్ యూ?' అనో అడిగి, మనం చెప్పేదాకా కదలదు. అప్పుడు కాళ్ల సంగతి చెప్పుకోవచ్చు. వాళ్లకి మనసు లేకపోవడం కాదండీ, వరండాలో నడుస్తూ అడిగినదానికీ టీ టైములో పక్కన కూర్చుని అడిగినదానికీ తేడా ఉందంతే.

నర్సు కాబట్టి ఒక్క సంగతి మాత్రం గట్టిగా చెప్పండి. తను పేషెంటుని 'హౌ ఆర్ యూ ఫీలింగ్ టుడే?' అని అడిగితే అది అసలైన ప్రశ్నే. కానీ అక్కడి పెద్దవయసువాళ్లు దానికి కూడా పలకరింపు బదులే ఇచ్చేస్తారు. 'కాంట్ కంప్లైన్' అంటారు, 'మసంట్ గ్రంబుల్' అంటారు, నొప్పితో పళ్లు బిగపట్టి కూడా. ఆ మాట పట్టుకుని బాగున్నాడని రాసేయకూడదు. నొప్పి సున్నా నుంచి పది దాకా ఎంత ఉందో చెప్పమని విడిగా అడగాలి. అంకె చెప్పేటప్పటికి మొహమాటం కొంత వదులుతుంది.

పాలకొల్లు సభ్యురాలు:
చాలా థాంక్స్ అండీ, అంతా కాపీ చేసి పంపించేశాను. అడగడానికే సిగ్గుగా ఉంది గానీ ఇంకొకటి ఉంది. వార్డులో ఒక ముసలాయన దాన్ని చూసినప్పుడల్లా 'ఏ అప్, మి డక్' అంటాడట. బాతు అంటున్నాడా? ఇది కాస్త బొద్దుగా ఉంటుంది, అందుకని మనసుకి పట్టించుకుంది.

తణుకు సభ్యురాలు:
అయ్యో, బెంగపెట్టుకోవద్దని చెప్పండి! నేను నాటింగ్‌హామ్‌లో చదువుకున్నాను, డెర్బీకి పక్కనే. ఆ చుట్టుపక్కలా, స్టోక్ వైపూ 'డక్' అంటే మన 'బంగారం', 'అమ్మలూ' లాంటి పిలుపు. ఆడవాళ్లనే కాదు, మీసాలున్న బస్సు డ్రైవర్ని కూడా డక్ అనే అంటారు. 'ఏ అప్' అంటే హలో. బొద్దుతనానికీ దానికీ సంబంధం లేదు. న్యూకాజిల్ వైపు ఉద్యోగం వచ్చుంటే 'పెట్' అనేవారు, గ్లాస్గో వెళ్లుంటే 'హెన్' అనేవారు. కోడిపెట్ట కంటే బాతు నయం కదా పిన్నిగారూ!

బదులు 'ఏ అప్' అని నవ్వితే ఆ తాత రోజంతా సంతోషంగా ఉంటాడు. తిరిగి డక్ అనే పిలుపు మాత్రం కొత్తలో వద్దు. మన యాస రానివాళ్లు నాలుగు రోజులకే 'ఆయ్' అంటే మనకెలా వినిపిస్తుందో తెలుసుగా.

ముమ్మిడివరం సభ్యుడు:
నా వయసు పెద్దది, నిష్ఠూరంగా మాట్లాడినా ఏమనుకోకండి. జవాబు అక్కర్లేనప్పుడు ప్రశ్న ఎందుకయ్యా? అదంతా పైపై మర్యాద. మన దగ్గర 'బాగున్నారా' అని అడిగితే నిలబడి పిల్లల సంగతి, చేలో సంగతి అన్నీ కనుక్కుంటారు.

కాకినాడ సభ్యుడు:
మాస్టారూ, మీ మాట కొంతవరకే ఒప్పుకుంటాను. మధ్యాహ్నం మీ అరుగు ముందు నుంచి వెళుతుంటే 'భోజనాలయ్యాయా?' అని మీరే అడుగుతారు. ఇంకా కాలేదంటే నాకు అప్పటికప్పుడు విస్తరి వేయరు కదా. 'ఆయ్, అయ్యాయండి, తమరివో?' అంటాను, అయిందో లేదో మనిద్దరికీ పట్టదు. సమాచారం కోసం కాక మనిషికీ మనిషికీ మధ్య పొత్తు నిలబడడానికి వాడే ఇలాంటి మాటలకు మాలినోవ్‌స్కీ అనే మానవశాస్త్రవేత్త 1923లో 'ఫాటిక్ కమ్యూనియన్' అని పేరు పెట్టాడు. ఆయన చాలాకాలం పసిఫిక్ దీవుల్లో ఉండి అక్కడివాళ్ల మాటతీరు గమనించిన మనిషి. ఇది ఇంగ్లిష్‌వాళ్ల సొత్తేమీ కాదు.

యానాం సభ్యుడు:
మా తాతగారు ఫ్రెంచివాళ్ల హయాంలో చదువుకున్నారు. 1954లో వాళ్లు వెళ్లిపోయాక కూడా ఇంట్లో సరదాకి 'సా వా?' అని అడిగేవారు, మేం 'సా వా' అని బదులివ్వాలి. ప్రశ్నా అదే, జవాబూ అదే. గొంతు కాస్త ఎత్తితే ప్రశ్న, దించితే జవాబు. అందుకే అమలాపురం వారు చెప్పిన హౌ డూ యూ డూ మాకు వింతగా అనిపించలేదు.

రాజోలు సభ్యుడు:
మా వైపు కువైట్ వెళ్లొచ్చిన ఆడవాళ్లని అడగండి. 'అస్సలాము అలైకుమ్' వినపడగానే 'వ అలైకుమ్ అస్సలామ్' అని ఠక్కున అనేస్తారు. వాళ్లకి ఏ కోచింగ్ సెంటర్లోనూ నేర్పలేదు. అక్కడ పలకరింపుతో పాటే బదులూ చెవిన పడుతుంది, అందుకే వచ్చింది.

అమలాపురం సభ్యుడు:
నేను ఇంతసేపూ చెప్పిందీ అదేనండీ.

భీమవరం సభ్యుడు:
రొయ్యల ఎగుమతి ఆఫీసులో పనిచేస్తున్నాను. నావి రెండు సందేహాలు. మాకు రాత్రి ఏడున్నరకి అమెరికా ఫోన్ వస్తుంది, అక్కడ ఉదయం పది. ఏం గుడ్డు చెప్పాలి? రెండోది, మెయిల్‌లో 'రెస్పెక్టెడ్ సర్' అని మొదలుపెడితే మా కొత్త మేనేజరు కొట్టేస్తున్నాడు.

కాకినాడ సభ్యుడు:
అవతలివాళ్ల గడియారం ప్రకారం 'గుడ్ మార్నింగ్' అంటే వాళ్లకి ముచ్చటగా ఉంటుంది. లెక్క తేలకపోతే 'హలో' అనండి, దానికి పొద్దూ మాపూ లేదు. 'గుడ్ నైట్' మాత్రం రాగానే అనకండి, అది సెలవు తీసుకునేటప్పుడు చెప్పే మాట. రాత్రి పదింటికి కలిసినా కలవగానే అనేది 'గుడ్ ఈవెనింగే'. మన పెళ్లి రిసెప్షన్లలో లోపలికొస్తూనే పెళ్లికొడుక్కి గుడ్ నైట్ చెప్పేవాళ్లని ప్రతి సీజన్లోనూ చూస్తుంటాను.

మెయిల్ విషయంలో మీ మేనేజరుదే సబబు. 'రెస్పెక్టెడ్ సర్' మన దేశంలో సెలవు చీటీలకి పుట్టిన మర్యాద, బయటివాళ్లకి కొత్తగా ఉంటుంది. పేరు తెలియకపోతే 'డియర్ సర్ ఆర్ మేడమ్', తెలిస్తే 'డియర్ మిస్టర్' పెట్టి ఇంటిపేరు. వాళ్లు 'హాయ్' అని మీ పేరుతో రాస్తే మీరూ అలాగే రాయొచ్చు. ఇక్కడే మన చిక్కు. మన ఇంటిపేరు ముందుంటుంది, వాళ్లది చివర. అందుకే వాళ్లు మన పేరునే ఇంటిపేరనుకుంటారు, మనం 'మిస్టర్' పక్కన వాళ్ల మొదటి పేరు తగిలిస్తాం.

'సర్' సంగతి కూడా చెప్పేస్తాను. మనం 'రావు సర్' అని పేరు వెనక పెడతాం. వాళ్లకి పేరు ముందు వచ్చే సర్ బిరుదు, అదీ ఇంటిపేరుతో కాదు, పెట్టిన పేరుతో. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తిచేసిన కాటన్‌కి 1861లో ఆ బిరుదిచ్చారు. ఆయన్ని 'సర్ ఆర్థర్' అంటారు, 'సర్ కాటన్' అనరు. ఫ్లెక్సీల మీద మనం ఎలా వేసుకున్నా 'కాటన్ దొర' అన్న పిలుపుకి మాత్రం వంక పెట్టలేరు.

నరసాపురం సభ్యుడు:
హలో మాట వచ్చింది కాబట్టి ఒక ముక్క. 1876లో బెల్ టెలిఫోన్‌కి పేటెంటు తీసుకున్నాక, ఫోనెత్తి ఏమనాలో ఎవరికీ తెలియలేదు. బెల్‌కి నచ్చింది 'అహోయ్', ఓడలవాళ్ల కేక. 1877లో ఎడిసన్ 'హలో' చాలన్నాడు, చివరికి అదే నిలబడింది. ఆ హలోకి ముందున్న 'హాలో', 'హోలా' వంటి కేకలకి నిఘంటువులు ఒక వ్యుత్పత్తి చెబుతాయి, అవతలి ఒడ్డునున్న పడవవాణ్ని రమ్మని పిలిచే కేక అని. సఖినేటిపల్లి రేవులో పంటు తప్పిపోయి గట్టు మీద నిలబడి అరిచినవాళ్లకి ఇందులో వివరించాల్సిందేమీ లేదు.

ముమ్మిడివరం సభ్యుడు:
పడవవాడిని పిలిచిన కేక అంటే నాకు నచ్చింది. సరే, హలో వరకు ఒప్పుకున్నాను. మిగతావి మీ ఇష్టం.

పాలకొల్లు సభ్యురాలు:
ఇవాళ మళ్లీ ఫోన్ చేసిందండీ. తాత 'ఏ అప్' అంటే ఇదీ 'ఏ అప్' అందట, పక్క మంచం ఆయన చప్పట్లు కొట్టాడట. 'యూ ఆల్రైట్?'కి 'యా, యూ?' కూడా బాగానే వచ్చేసింది. కానీ ఆ 'యా, యూ?'కి అవతలి నర్సు 'చీర్స్' అని వెళ్లిపోయిందట. చేతిలో గ్లాసూ లేదు, పార్టీ లేదు. ఇప్పుడు దీనికేం చెప్పాలి?

తణుకు సభ్యురాలు:
అక్కడ చీర్స్ అంటే థాంక్స్ అండీ, ఒక్కోసారి బై కూడా. దానికి బదులేం అక్కర్లేదు, తలూపితే చాలు.