ఆర్కిటిక్ మంకీస్ మూడు సౌండ్లు, ఒకే ప్రోగ్రాంలో: సెట్టింగులు చెప్పండి

లంక గిటార్, అమలాపురం:
ఇంగ్లండ్‌లోని షెఫీల్డ్ రాక్ బ్యాండ్ ఆర్కిటిక్ మంకీస్ 2006 మొదటి ఆల్బం, 2009ది, 2013ది. మూడింటి పాటలూ ఒకే సెట్‌లో రావాలండి. స్ట్రాట్ రకం గిటార్లు రెండు, 20 వాట్ల ఆంప్‌లు రెండు, సౌండు మార్చే పెడళ్లు మూడు ఉన్నాయి: ఓవర్‌డ్రైవ్ (కాస్త గరుకు), ఫజ్ (బాగా బొంగురు), ఆక్టేవ్ (పై స్థాయి స్వరం కలిపేది). ఏది ఎక్కడ?

పాలకొల్లు టెంపో:
2006కి ఫజ్ ముట్టుకోవద్దు. స్పీడు పాట కదా అని గెయిన్ (ఆంప్‌లో గరుకు పెంచే నాబ్) పెంచేస్తారు, అక్కడే చెడుతుంది. గెయిన్ ఎక్కువైతే పిక్ దెబ్బ చదునైపోయి రెండు గిటార్లూ ముద్దపప్పు అవుతాయి. గెయిన్ 3, ట్రెబుల్ 6, బాస్ 4, బ్రిడ్జ్ పికప్ (తీగల కింద మైకు లాంటిది, బ్రిడ్జ్ పక్కది). ఒకరు 5వ ఫ్రెట్ (మెడ మీది అడ్డగీత) లోపు ఉంటే రెండోవారు 7 దాటి, సన్నని మూడు తీగల మీదే ఉండాలి. డెమో సీడీలు కచేరీల్లో ఉచితంగా పంచుతూ స్టేజీ మీద అరగదీసిన పాటలవి, నలుగురితోనే నిలబడతాయి.

యానాం ట్రెబుల్:
2009ది వేరే లోకం. షెఫీల్డ్ కుర్రాళ్లు కాలిఫోర్నియా ఎడారికి పోయి, నిర్మాత జాష్ హామీ దగ్గర చాలా పాటలు చేసుకున్నారు. నెక్ పికప్ (మెడ వైపుది), టోన్ 5, రివర్బ్ కాస్త ఎక్కువ. ఫజ్ తర్వాతే ఓవర్‌డ్రైవ్. జెర్మేనియం ఫజ్ అయితే దాని ముందు బఫర్ (సిగ్నల్‌ని బలపరిచే సర్క్యూట్) ఉండకూడదు, ఉంటే గీపెడుతుంది.

భీమవరం డ్రమ్స్:
2013 బరువంతా డ్రమ్స్‌దే, గిటార్లవాళ్లు ఒప్పుకోరు గానీ! మొదటి పాట నిమిషానికి 85 బీట్లు. చెవిలో క్లిక్ (తాళం చెప్పే టిక్ టిక్) లేకపోతే రెండో చరణానికి 90 దాటేస్తారు, ఇక ఆ నడక ఉండదు. రోల్స్ మానేయండి. డ్రమ్మర్ హెల్డర్స్, బాసిస్ట్ ఓమాలీ పాడే పైస్థాయి కోరస్ ఎవరు పాడతారో ముందే తేల్చుకోండి. అది లేకపోతే సగం పాటే.

లంక గిటార్, అమలాపురం:
మరి ఆక్టేవ్?

పాలకొల్లు టెంపో:
ఆ పాటకే. గాయకుడు టర్నర్ స్టేజీ మీద 12 తీగల వాక్స్ గిటార్ పట్టుకుంటాడు. అందులో లావు నాలుగు జతల్లో రెండో తీగ ఒక ఆక్టేవ్ పైన ఉంటుంది. పెడల్‌లో పై ఆక్టేవ్ మూడో వంతు కలిపితే దగ్గరకొస్తుంది. పెడళ్ల వరసలో అన్నిటికన్నా ముందు పెట్టండి, డిస్టార్షన్ తర్వాత పెడితే స్వరం పట్టుకోలేక తడబడుతుంది.

యానాం ట్రెబుల్:
ఆగండాగండి. ఆ పెడల్ ట్రూ బైపాస్ (ఆపితే సిగ్నల్ నేరుగా దాటిపోయే రకం) కాకపోతే ఆపినా బఫరే. 2009 పాటలప్పుడు కేబుల్ పీకి నేరుగా ఫజ్‌లో పెట్టాలి. 2018 పాటలు అడగలేదు, బతికిపోయారు. మేనేజరు 30వ పుట్టినరోజుకి పియానో ఇస్తే టర్నర్ ఆల్బమంతా దాని మీదే కట్టాడు.

రాజోలు సోల్డర్:
పందిట్లో వాయిస్తే ముందు హమ్ (కరెంటు గుంయ్ మోత) చూసుకోండి. సింగిల్ కాయిల్ (ఒకే తీగచుట్ట) పికప్‌కి ఫజ్ తోడైతే సీరియల్ బల్బుల గోలంతా స్పీకర్‌లోకే. గిటార్ పికప్ స్విచ్ 2 లేదా 4లో పెట్టి చూడండి, మధ్య పికప్ రివర్స్ చుట్టినదైతే తగ్గుతుంది. తగ్గలేదని ఆంప్ ప్లగ్గు ఎర్త్ పిన్ను మాత్రం తీయకండి, షాక్ కొడితే మైకు పట్టుకున్నవాడికే. రెండు ఆంప్‌లూ ఒకే బోర్డు నుంచి, ఎర్త్ ఉన్న లైనులో తీసుకోండి. వానాకాలం గిటార్ నెక్ కదులుతుంది. లావు తీగని మొదటి ఫ్రెట్ దగ్గరా చివరి ఫ్రెట్ దగ్గరా నొక్కి, 7వ ఫ్రెట్ మీద సందు చూడండి. విజిటింగ్ కార్డు మందం చాలు. ట్రస్ రాడ్ (నెక్ లోపలి ఇనుప కడ్డీ) ఒకసారికి పావు తిప్పు మించొద్దు, మళ్లీ ట్యూన్ చేశాకే కొలవండి.